అధికారి ముందు న్యాయవాది: హక్కు, హద్దు

వకీలు, వకాలతు, అర్జీ, దాఖలా, ఫైసలా - ఈ మాటలు పారసీ, ఉర్దూల ద్వారా వచ్చి మన తెలుగు పల్లెలలో స్థిరపడినవి. ఒకరి పక్షమున మాటలాడు అధికారమును మరియొకరికి ఒప్పగించుటయే వకాలతు. న్యాయస్థానములో వకీలు నిలుచుట అందరును ఎరిగినదే. అయితే రెవెన్యూ అధికారి, పన్నుల అధికారి, శాఖాపరమైన విచారణాధికారి మొదలైన వారి యెదుట న్యాయవాది తన కక్షిదారు పక్షమున నిలువవచ్చునా? భూమి, పన్ను, ఉద్యోగము, పింఛను వంటి విషయములు తొలుత తేలునది ఈ కార్యాలయములలోనే. కనుక విద్యార్థులు ఈ విషయమును తెలిసికొనుట అవసరమని మేము భావించుచున్నాము.

దీనికి మూలాధారము 1961 నాటి న్యాయవాదుల చట్టములోని 30వ సెక్షను. అది మూడు తావులను పేర్కొనుచున్నది. మొదటిది, సుప్రీంకోర్టుతో సహా సమస్త న్యాయస్థానములు. రెండవది, సాక్ష్యము స్వీకరించుటకు చట్టరీత్యా అధికారము గల ట్రిబ్యునలు లేదా వ్యక్తి. మూడవది, వేరొక చట్టము న్యాయవాదికి ప్రవేశము కల్పించిన ఇతర అధికారి. కనుక అధికారి హోదాను చూచి దీనిని నిర్ణయింపరాదు. ఆయనకు సాక్ష్యము స్వీకరించు అధికారము కలదా, లేనిచో వేరే చట్టము అనుమతించినదా అని పరిశీలింపవలెను. 1961లో రూపొందిన ఈ సెక్షను 2011 జూన్ 15న గాని అమలులోకి రాలేదు. అర్ధ శతాబ్దము అది కాగితము మీదనే నిలిచినది.

ఈ హక్కుకు హద్దులును కలవు. కస్టమ్స్ అధికారులు ప్రశ్నించుటకు పిలిచిన వ్యక్తి, ఆ సమయమున తన న్యాయవాదిని ప్రక్కన ఉంచుకొను హక్కును కోరజాలడని పూల్‌పాండి కేసులో సుప్రీంకోర్టు 1992లో తీర్పు చెప్పినది. శాఖాపరమైన విచారణలో కూడ ఉద్యోగికి న్యాయవాది సహాయము సాధారణముగా హక్కుగా లభింపదు. కాని బొంబాయి పోర్టు ట్రస్టు కేసులో 1982లో అదే న్యాయస్థానము ఒక మేలైన సూత్రమును చెప్పినది. యాజమాన్యము పక్షమున న్యాయశాస్త్ర పరిజ్ఞానము గలవారు నిలిచినపుడు, ఉద్యోగికి న్యాయవాదిని నిరాకరించుట సహజ న్యాయమునకు విరుద్ధము. నిర్బంధితుల విషయములో ఎ.కె. రాయ్ కేసు తీర్పు కూడ, 1981 డిసెంబరులో, ఈ సమానత్వమునే కోరినది. సలహా మండలి యెదుట ప్రభుత్వము న్యాయవాది సహాయము పొందినచో నిర్బంధితునికిని ఆ అవకాశము ఇయ్యవలెను.

న్యాయవాదులు ప్రవేశించినచో కాలయాపన, వ్యయము పెరుగుననెడి వాదము తీసివేయదగినది కాదు. ఆ భయముతోనే 2007 నాటి తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ చట్టములోని 17వ సెక్షను ట్రిబ్యునలు యెదుట న్యాయవాదులను నిషేధించినది. ఆ ట్రిబ్యునలుకు అధ్యక్షుడు సబ్ డివిజనల్ అధికారి స్థాయికి తగ్గని అధికారి. ఆయనకు ప్రమాణముపై సాక్ష్యము తీసికొను అధికారము కలదు. కనుక ఆ నిషేధము 30వ సెక్షనుకు విరుద్ధమని కేరళ హైకోర్టు 2021లో దానిని కొట్టివేసినది. చట్టము చదువని వృద్ధురాలు, వ్యవహారజ్ఞానము గల కుమారునితో ఒంటరిగా వాదింపవలసివచ్చినచో నిషేధము వలన మేలు ఎవరికి కలుగునో యోచింపుడు.

వ్యయమునకు భయపడు పేదలకును ఒక దారి కలదు. 1987 నాటి న్యాయ సేవల అధికార సంస్థల చట్టము మహిళలకు, బాలలకు, షెడ్యూల్డు కులముల, తెగల వారికి, కార్మికులకు, అల్పాదాయ వర్గముల వారికి ఉచిత న్యాయ సహాయమును కల్పించినది. రెవెన్యూ కోర్టులును, న్యాయనిర్ణయాధికారము గల ఇతర అధికారులును దాని పరిధిలోనివారే.

30వ సెక్షను న్యాయవాది పేరున వ్రాయబడినది. దాని ఫలము అనుభవించువాడు కక్షిదారుడు. రేపు మన విద్యార్థులలో కొందరు నల్లకోటు ధరింతురు, కొందరు అధికారి ఆసనమున కూర్చుందురు. ఉభయులును గుర్తుంచుకొనవలసినది ఒక్కటే: మాట రానివాని మాట కూడ వినబడిన తరువాతనే ఫైసలా న్యాయమగును.