బకెట్లో దిగిన రంగు, నదిలో కలిసిన ఉప్పు

ఏమర్రా, పండక్కి పిల్లలకి కొన్న కొత్త టీషర్టులు ఉతికారా? ముదురు ఎరుపుదో నల్లదో అయితే మొదటిసారి విడిగా నానబెట్టే ఉంటారు. నీళ్ళు ఎర్రబడగానే నాసిరకం బట్ట అంటగట్టాడని షాపువాడి మీద విసుక్కుంటాం. నిజానికి ఆ బట్టని అద్దకం యూనిట్లోనే వేడినీళ్ళతో, సబ్బునీళ్ళతో ఎన్నోసార్లు జాడించి పంపుతారు. మన బకెట్లో దిగేది మిగిలిన కాస్త రంగే. అంతకుముందు దిగిందంతా ఎటు పోయిందో మాట్లాడుకుందాం.

బనియన్లు, లెగ్గింగులు, టీషర్టులు అనగానే గుర్తొచ్చే ఊరు తమిళనాడులోని తిరుప్పూరు. ఆ ఊరి మధ్య నుంచే నొయ్యల్ నది పోతుంది. వెళ్ళియంగిరి కొండల్లో పుట్టి, కోయంబత్తూరు, తిరుప్పూరు దాటి కావేరిలో కలుస్తుంది. అక్కడి అద్దకం నీళ్ళు ఏళ్ళ తరబడి ఈ నదిలోకే వదిలారు.

రంగునీళ్ళంటే మనం రంగు గురించే బెంగపడతాం. అది కంటికి కనబడుతుంది కాబట్టి. అంతకన్నా మొండిది ఉప్పు. నూలు బట్టకి వాడే రియాక్టివ్ రంగులు వాటంతట అవి దారానికి సరిగా అంటుకోవు. అందుకని రంగునీళ్ళలో మామూలు ఉప్పో గ్లాబర్ సాల్టో కలుపుతారు. ముదురు రంగులకైతే లీటరుకి 50 గ్రాములు, ఒక్కోసారి ఇంకా ఎక్కువ పడుతుంది. అద్దకం అయ్యాక రంగులో చాలా భాగం బట్టకి పట్టేస్తుంది. ఉప్పు మాత్రం ఏమాత్రం పట్టదు, వేసినదంతా నీళ్ళతోనే బయటికొస్తుంది. రంగుని విరగ్గొట్టే పద్ధతులున్నాయి, సూక్ష్మజీవులతో కూడా కొంత పని జరుగుతుంది. కరిగిన ఉప్పు ఆ మామూలు శుద్ధికి లొంగదు. అది నేలలోకి దిగి, బావుల్లోకి చేరి, కొబ్బరిచెట్ల వేళ్ళ దగ్గర కూర్చుంటుంది.

నొయ్యల్ మీద ఒరత్తుపాళయం దగ్గర 1992లో ఆనకట్ట కట్టారు, పొలాలకు నీళ్ళివ్వాలని. చివరికి అది అద్దకం నీళ్ళు నిలవుండే చెరువైంది. ఎక్కడైనా రైతు గేట్లెత్తమని బతిమాలతాడు. ఇక్కడి రైతులు గేట్లెత్తొద్దని మొరపెట్టుకున్నారు. ఆ నీళ్ళు పారితే ఉన్న పైరూ పోతుందని వాళ్ళ భయం. నీళ్ళకోసమే కట్టిన ఆనకట్ట దగ్గర ఆ మాట అనాల్సి రావడం ఎంత ఘోరమో చూడండి.

ఆ రైతులే సంఘంగా ఏర్పడి కోర్టుకెక్కారు. మద్రాసు హైకోర్టు 2006లో చుక్క కూడా బయటికి వదలకూడదని గడువు పెట్టింది. ఆ మాట అమలు కాకపోతే 2011 జనవరిలో 700కు పైగా అద్దకం, బ్లీచింగ్ యూనిట్లను మూయించింది. వేలమందికి పని పోయింది, వాళ్ళలో ఎందరో మనలాంటి ఆడవాళ్ళు. వాళ్ళ బాధ చిన్నది కాదు. అయినా నా మనసు ఆ తీర్పు వైపే. పదేళ్ళ ముందే ఎవరైనా గట్టిగా నిలదీసి ఉంటే రైతుకీ నష్టం ఉండేది కాదు, కూలీకీ ఉండేది కాదు.

తర్వాత దారి దొరికింది. మన వంటింట్లో ఆర్‌వో మిషను ఒక గొట్టంలో మంచినీళ్ళిచ్చి, ఇంకో గొట్టంలో ఉప్పునీళ్ళు వదులుతుంది కదా! అద్దకం యూనిట్ల ఉమ్మడి శుద్ధి కేంద్రాల్లో జరిగేదీ అదే, చాలా పెద్ద ఎత్తున. తేడా ఏమిటంటే, ఆ రెండో గొట్టం నీళ్ళని కాలవలో వదలరు. కాచి ఆవిరి చేసి ఉప్పు తీస్తారు, చిక్కటి ఉప్పునీళ్ళని మళ్ళీ అద్దకానికే వాడతారు. మంచినీళ్ళూ తిరిగి అద్దకానికే. నీళ్ళు కాచడానికి ఇంధనం ఖర్చు విపరీతం. చివర్లో మిగిలే మిశ్రమ లవణాలు, బురద ఎక్కడ పెట్టాలన్నది ఇంకా తెగని తలనొప్పి.

అందుకే శుద్ధికన్నా ముందు మురికి పుట్టకుండా చూడటం మేలంటాను. పాత వించ్ తొట్లు బట్ట బరువుకి పదిహేను, ఇరవై రెట్లు నీళ్ళు తాగేవి. ఇప్పటి సాఫ్ట్‌ఫ్లో యంత్రాలకి ఐదారు రెట్లు చాలు. నీళ్ళు తగ్గితే వేసే ఉప్పూ తగ్గుతుంది. కోల్డ్ ప్యాడ్ బ్యాచ్ అని ఇంకో పద్ధతుంది. బట్టని రంగులో, క్షారంలో ముంచి పిండి, చుట్టగా చుట్టి, ఎండకుండా కప్పి రాత్రంతా వదిలేస్తారు. ఉప్పు అసలే అక్కర్లేదు.

సహజ రంగులే వాడితే పోలేదా అని మీలో కొందరు అడుగుతారు. కరక్కాయ, పటిక, మంజిష్ఠలతో చేసే పెడన కలంకారీ అంటే నాకు ప్రాణం. కానీ దేశమంతా తొడుక్కునే బనియన్లకి అది సరిపోదు. పైగా ఆ పనికీ బోలెడు నీళ్ళు కావాలి.

చుక్క వదలకుండా అద్దాలంటే ఖర్చవుతుంది. నియమం పాటించే యూనిట్ పక్కనే, రాత్రిపూట గుట్టుగా కాలవలోకి వదిలేవాడు తక్కువ ధరకి అద్దిస్తాడు. వంద రూపాయలకే టీషర్టు కావాలని మనం పట్టుబడితే గిరాకీ వాడికే పోతుంది. నూరు శాతం కాటన్, చల్లటి నీళ్ళలో ఉతకండి అని చెప్పే లేబులు మీద ఎక్కడ అద్దారో, ఆ నీళ్ళని శుద్ధి చేశారో లేదో కూడా ఉండాలి. పెద్ద దుకాణాల్లో కొనేటప్పుడు నేనీ మాట అడుగుతున్నాను, మీరూ అడగండి.

సిరిసిల్ల, చీరాల వైపు చెల్లెళ్ళు ఉంటే, మీ ఊళ్ళో అద్దకం నీళ్ళు ఎటు పోతున్నాయో, బావి నీళ్ళు ఎలా ఉన్నాయో రాయండి. వచ్చే నెల ఆ ఉత్తరాలతోనే కూర్చుందాం.