తల పెద్దదిగా ఉందా? ముందు కొలవండి

ఆరోగ్య ప్రశ్నోత్తరాలు

నంద్యాల, ఆళ్లగడ్డ ప్రాంతాల నుంచి ఈమధ్య వచ్చిన ఉత్తరాల్లో చాలావరకు తల పరిమాణం గురించే ఉన్నాయి. కొందరిది అక్కర్లేని భయం, మరికొందరిది ఉండకూడని ధీమా. రెండూ తీరేది కొలతతోనే. అందుకే ఈసారి ఆ ప్రశ్నలన్నీ ఒకచోట చేర్చి జవాబులు రాస్తున్నాను.

ప్రశ్న: మా బాబుకు ఏడు నెలలు. అహోబిలంలో పుట్టువెంట్రుకలు తీయించాం. గుండు చేయించాక తల బాగా పెద్దదిగా కనిపిస్తోంది. మా మామగారు శిల్పాలు చెక్కుతారు. తలకూ ఒంటికీ కొలత కుదరలేదని ఆయన దిగులు పడుతున్నారు. పుట్టినప్పుడు తల చుట్టుకొలత 36.5 సెంటీమీటర్లు, ఇప్పుడు 46.5. బాబు బాగా నవ్వుతాడు, ఆసరా ఇస్తే కూర్చుంటాడు. మావారి తల కూడా పెద్దదే, 60 సెంటీమీటర్లు ఉంది.
– ఒక తల్లి, ఆళ్లగడ్డ

జవాబు: అమ్మా, మీ మామగారికి కొలత మీద ఉన్న పట్టు గొప్పదే. కానీ దేవతామూర్తికి శిల్పులు వాడే నవతాళం అనే లెక్క ఎదిగిన దేహానికి చెందిన కొలత. పుట్టిన బిడ్డ పొడవులో తలే పావు వంతు ఉంటుంది. పెద్దయ్యాక ఎనిమిదో వంతుకు దగ్గరవుతుంది. పసిబిడ్డ తల ఒంటికి పెద్దదిగా కనిపించడం సహజమే. దాన్ని సరిచూడాల్సింది అదే వయసు పిల్లలతో.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2007లో విడుదల చేసిన పట్టికల ప్రకారం ఏడు నెలల మగబిడ్డ తల సగటున 44 సెంటీమీటర్లు. సుమారు 46.5 దాటితే ‘మాక్రోకెఫలీ’ అంటాం. అంటే ఆ వయసుకు ఉండాల్సిన హద్దు కంటే తల పెద్దదని అర్థం. ఇది జబ్బు పేరు కాదు, కొలతకు పెట్టిన పేరు. మీ బాబు సరిగ్గా ఆ గీత దగ్గర ఉన్నాడు. పుట్టినప్పుడు కూడా పై గీత దగ్గరే ఉన్నాడు, అదే దారిలో పెరుగుతున్నాడు. మగవారి తల సగటున 55, 56 సెంటీమీటర్లు ఉంటుంది. మీవారిది 60 అంటున్నారు కాబట్టి ఇది తండ్రి పోలిక అయ్యే అవకాశమే ఎక్కువ. అయినా ఒకసారి పిల్లల డాక్టరుకు చూపించండి. మాడు ఇంకా మూసుకోలేదు కాబట్టి దాని మీదుగా అల్ట్రాసౌండ్ స్కాన్ తీయవచ్చు. నొప్పి ఉండదు, రేడియేషన్ ఉండదు.

ఇంట్లో కొలిచే పద్ధతి తెలుసుకోండి. సాగని టేపు తీసుకుని ముందు కనుబొమలకు కాస్త పైన, పక్కన చెవుల పైన, వెనక తల బాగా ఉబ్బెత్తుగా ఉన్నచోట మీదుగా చుట్టండి. మూడుసార్లు కొలిచి, అన్నిటికంటే పెద్ద అంకెను మాతా శిశు రక్షణ కార్డులో తేదీతో సహా రాసుకోండి. మొదటి మూడు నెలల్లో నెలకు సుమారు 2 సెంటీమీటర్లు, తర్వాతి మూడు నెలల్లో నెలకు 1, ఆపైన ఏడాది నిండేదాకా నెలకు అర సెంటీమీటరు పెరగాలి. ఒక్కరోజు కొలతతో తెలిసేది తక్కువ. వరుసగా రాసుకున్న కొలతలు చాలా చెబుతాయి.

ప్రశ్న: మా పాపకు మూడో నెల. పోయిన నెలలో తల 39 సెంటీమీటర్లు ఉండింది, ఇప్పుడు 43. పాలు తాగి కక్కుతోంది. కళ్లు కిందికి వాలిపోయి పైన తెల్లగుడ్డు కనిపిస్తోంది. దిష్టి తగిలిందని తాయెత్తు కట్టారు. మాడు ఉబ్బితే ఆముదం పెడుతున్నాం.
– ఒక తండ్రి, నంద్యాల దగ్గర పల్లె

జవాబు: అన్నా, మీ ఉత్తరం అందగానే ఫోన్‌లో చెప్పాను, ఆ రోజే పెద్దాసుపత్రికి తీసుకెళ్లమని. ఇవే లక్షణాలతో బిడ్డను ఇంట్లో పెట్టుకున్న ఇతర తల్లిదండ్రుల కోసం ఇక్కడ రాస్తున్నాను.

నెలలో 4 సెంటీమీటర్లు పెరగడం మామూలు ఎదుగుదల కాదు. మెదడు లోపలి గదుల్లో ఒక ద్రవం నిరంతరం ఊరుతుంటుంది. పెద్దవాళ్లలో అయితే రోజుకు సుమారు అర లీటరు. అది సన్నని దారుల గుండా బయటికి వచ్చి మెదడు చుట్టూ తిరిగి రక్తంలో కలిసిపోవాలి. చెరువుకు నీరు వస్తూనే ఉండి తూము పూడిపోతే ఏమవుతుందో, ఆ దారి మూసుకుపోయినప్పుడు తలలోనూ అదే జరుగుతుంది. దీన్ని ‘హైడ్రోకెఫలస్’ అంటాం. పసిబిడ్డ పుర్రె ఎముకలు ఇంకా అతుక్కోవు కాబట్టి తల సాగి పెద్దదవుతుంది. లోపల మెదడు నలిగిపోతుంది. పుట్టుకతోనే ద్రవం దారి ఇరుకుగా ఉండటం, వెన్నుపూస మూసుకోకపోవడం, నెలలు నిండకుండా పుట్టిన బిడ్డకు మెదడులో రక్తస్రావం కావడం, మెదడు పొరలకు చీము లేదా క్షయ సోకడం దీనికి ముఖ్య కారణాలు.

మాడు బిగిసి ఉబ్బడం, నెత్తిమీద నరాలు తేలడం, కళ్లు కిందికి వాలడం, వాంతులు, ఆగని ఏడుపు లేదా మగత కనిపిస్తే ఒక్క రాత్రి కూడా ఆగకండి. ఆముదం ఆ ఒత్తిడిని తగ్గించలేదు. తాయెత్తు మీ నమ్మకం, నేను కాదనను. అది మెడలో ఉండగానే బిడ్డను ఆసుపత్రికి తీసుకెళ్లండి.

కర్నూలు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో న్యూరోసర్జరీ విభాగం ఉంది. డాక్టర్ ఎన్టీఆర్ వైద్యసేవ, అంటే గతంలోని ఆరోగ్యశ్రీ కింద ఈ ఆపరేషన్ చేస్తారు. తలలోని ద్రవాన్ని చర్మం కిందుగా పొట్టలోకి పంపే సన్నని గొట్టం వేస్తారు. దానిని షంట్ అంటారు. 1956లో అమెరికాలో జాన్ హోల్టర్ అనే సాంకేతిక నిపుణుడు ఈ జబ్బుతో పుట్టిన తన బిడ్డ కోసమే దీనికి మంచి వాల్వు తయారు చేశాడు. మన దేశంలో తయారయ్యే ఛాబ్రా షంట్ చవక. ఉగాండాలో 195 మంది పిల్లల మీద పోల్చి చూసినప్పుడు ఏడాది తర్వాత దాని ఫలితం ఖరీదైన విదేశీ షంట్‌కు ఏమాత్రం తీసిపోలేదు. చవక గొట్టం వేశారని బాధపడాల్సిన పని లేదు. కొందరు పిల్లలకు గొట్టం లేకుండా, ఎండోస్కోపీతో లోపలే కొత్త దారి తెరుస్తారు.

షంట్ వేశాక పని అయిపోయిందనుకోకండి. చాలామందిలో మొదటి రెండేళ్లలోనే అది మూసుకుపోవచ్చు. చీము పట్టవచ్చు కూడా. జ్వరం, వాంతులు, మగత, గొట్టం దారిలో ఎరుపు కనిపిస్తే మామూలు జ్వరమని మందుల షాపులో సిరప్ కొని సరిపెట్టవద్దు. ఆపరేషన్ చేసిన చోటికే వెళ్లండి.

ప్రశ్న: నాకు ఐదో నెల. స్కానింగ్‌లో బిడ్డ తలలో నీటి గది 11 మిల్లీమీటర్లు ఉందని రాశారు. మాది మేనరికం. మా అత్తగారు బిడ్డ వద్దంటున్నారు. నాకు నిద్ర పట్టడం లేదు.
– ఒక గర్భిణి, నంద్యాల

జవాబు: అమ్మా, ముందు ధైర్యం తెచ్చుకోండి. ఆ గది వెడల్పు 10 మిల్లీమీటర్ల లోపు ఉండాలి. 10 నుంచి 12 దాకా ఉంటే స్వల్ప తేడా. మరే లోపమూ లేకుండా ఇదొక్కటే ఉంటే పదిమందిలో తొమ్మిదిమందికి పైగా పిల్లలు మామూలుగానే ఎదుగుతారు. 15 దాటితేనే తీవ్రమైనదిగా చూస్తాం. ఫీటల్ మెడిసిన్ నిపుణుల దగ్గర వివరంగా స్కాన్ చేయించుకోండి. వెన్నుపూస, గుండె, మెదడు మిగతా భాగాలు చూస్తారు, ఇన్‌ఫెక్షన్లకు రక్తపరీక్ష రాస్తారు. కొన్ని వారాలకు మళ్లీ కొలుస్తారు. అప్పటిదాకా ఇంట్లో ఎవరూ ఏ నిర్ణయానికీ తొందరపడవద్దు. మీ అత్తగారిని కూడా డాక్టరు దగ్గరికి తీసుకెళ్లండి. ఆవిడ భయానికీ జవాబు కావాలి.

మేనరికం గురించి దాచకుండా చెబుతాను. ఏ దంపతులకైనా నూటికి సుమారు మూడు కాన్పుల్లో ఏదో ఒక పుట్టు లోపం కనిపిస్తుంది. దగ్గరి రక్తసంబంధంలో అది దాదాపు రెట్టింపవుతుంది. మేనమామను చేసుకుంటే ఇంకా కొంచెం ఎక్కువ. అంటే ఎక్కువమంది పిల్లలు ఆరోగ్యంగానే పుడతారు. మీరు చేసిన తప్పేమీ లేదు. పెళ్లీడు పిల్లలున్న ఇళ్లు మాత్రం ఈ సంగతి ముందే ఆలోచించాలి.

ఈ ఉత్తరం చదివే కొత్త దంపతులకు ఒక మాట. బిడ్డ వెన్నుపూస గొట్టం గర్భం నిలిచిన నాలుగు వారాల్లోనే మూసుకుంటుంది. చాలామందికి అప్పటికి నెల తప్పిన సంగతే సరిగ్గా తెలియదు. కాబట్టి ఫోలిక్ ఆమ్లం 400 మైక్రోగ్రాములు గర్భం దాల్చడానికి కనీసం నెల ముందు నుంచే, మూడో నెల నిండేదాకా రోజూ వేసుకోవాలి. ముందు కాన్పులో వెన్నుపూస లోపం వచ్చి ఉంటే డాక్టరు సలహాతో పెద్ద మోతాదు వాడాలి. అలాంటి తల్లుల్లో ఈ బిళ్ల ఆ ప్రమాదాన్ని 72 శాతం తగ్గించిందని 1991లో తేలింది. మూర్ఛకు మందులు వాడేవారు గర్భం కోసం ప్రయత్నించే ముందే డాక్టరును కలవండి. మందు సొంతంగా మానవద్దు.

ప్రశ్న: నేను ఏడో తరగతికి పాఠాలు చెబుతాను. ఒక పిల్లవాడి తల పెద్దది. మార్కులొస్తే ‘పెద్ద తలకాయ కదా, తెలివి ఉంటుంది’ అంటారు. ఎదురు మాట్లాడితే ‘తలపొగరు, కళ్లు నెత్తికెక్కాయి’ అంటారు. తల పరిమాణానికీ వీటికీ నిజంగా సంబంధం ఉందా?
– ఒక ఉపాధ్యాయురాలు, ఆళ్లగడ్డ

జవాబు: తల్లీ, తల చూసి ఇవేవీ చెప్పలేం. 1800 ప్రాంతంలో వియన్నాలో ఫ్రాంజ్ జోసెఫ్ గాల్ అనే వైద్యుడు పుర్రె మీది ఎత్తుపల్లాలను తడిమి మనిషి గుణం చెప్పవచ్చన్నాడు. ఆ బాటలో నడిచినవాళ్లు గర్వానికి కూడా నడినెత్తిన ఒక చోటు చూపించారు. విజ్ఞానం దాన్ని పూర్తిగా కొట్టేసింది. టేపుతో ఒక పిల్లవాడి తెలివినీ కొలవలేం, పొగరునూ కొలవలేం. పెద్ద తల ఉన్నవారిలో చురుకైనవాళ్లున్నారు, చదువులో సాయం కావాల్సినవాళ్లున్నారు.

ఎవరో ఒకరు కళ్లు నెత్తికెక్కాయని తిట్టినంత మాత్రాన ఆ పిల్లవాడికి జబ్బు ఉన్నట్టు కాదు. తలలో ఒత్తిడి పెరిగిన పసిబిడ్డల్లో కళ్లు నెత్తికెక్కవు, కిందికి వాలిపోతాయి. అయితే ఈ పిల్లవాడి తల పెద్దదని తెలుసు కాబట్టి ఎప్పుడైనా డాక్టరు చూశారో లేదో వాళ్లమ్మను అడగండి. ఉదయం లేవగానే తలనొప్పి, వాంతులు, చూపు మసక, నడక తూలడం, ఉన్నట్టుండి చదువులో వెనకబడటం ఉంటే ఆలస్యం చేయకూడదు. 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం వైద్య బృందం మీ బడికి వచ్చినప్పుడు తప్పకుండా చూపించండి. తరగతిలో ఆ వెక్కిరింపు పేరును మాత్రం ఈరోజే ఆపించండి. అది మీ చేతుల్లో ఉన్న వైద్యం.

పొగరు మాట వచ్చింది కాబట్టి ఇంకొక్క సంగతి. అణకువగా ఉండే పెద్ద మనిషి కొద్దిరోజుల్లోనే మారిపోయి, నిద్ర లేకుండా, తానే గొప్ప అంటూ, డబ్బు నీళ్లలా ఖర్చు చేస్తుంటే దాన్ని పొగరని తిట్టి ఊరుకోకండి. అది మేనియా అనే మానసిక జబ్బు కావచ్చు. దానికి మంచి మందులున్నాయి.

ప్రశ్న: మా నాయనకు డెబ్బై ఏళ్లు. ఆర్నెల్లుగా కాళ్లు నేలకు అతుక్కున్నట్టు నడుస్తున్నాడు. మూత్రం ఆపుకోలేడు. మతిమరుపు వచ్చింది. స్కాన్‌లో తలలో నీరుందన్నారు. కానీ తల ఏమీ పెరగలేదే?
– ఒక కొడుకు, నంద్యాల

జవాబు: పెద్దవాళ్ల పుర్రె ఎముకలు గట్టిగా అతుక్కుని ఉంటాయి కాబట్టి లోపల ఎంత నీరు చేరినా తల పెరగదు. మీరు చెప్పిన మూడు లక్షణాలూ కలిసి వస్తే ‘నార్మల్ ప్రెషర్ హైడ్రోకెఫలస్’ అని అనుమానించాలి. 1965లో దీన్ని స్పష్టంగా వర్ణించారు. వృద్ధాప్యంలో వచ్చే మతిమరుపుల్లో ఆపరేషన్‌తో మెరుగయ్యే కొద్దిపాటి వాటిలో ఇదొకటి. నడుము దగ్గర సూదితో కొంత ద్రవం తీసి, ముందూ తర్వాతా నడిపించి చూస్తారు. నడక మెరుగైతే షంట్ వల్ల మేలు జరిగే అవకాశం ఎక్కువ. మూడింటిలో ముందుగా, బాగా కోలుకునేది నడకే. మతిమరుపు ముదిరాక ఫలితం తగ్గుతుంది. అందుకే ఈ వారంలోనే న్యూరాలజిస్టును కలవండి. మీ నాయన నడకను ఫోన్‌లో వీడియో తీసి, స్కాన్ ఫిల్ములు, వాడుతున్న మందుల చీటీలు వెంట పట్టుకెళ్లండి. వయసు మీద పడిందని వదిలేయవద్దు.