నిన్నటికి ఉత్తరం – రేపటికి పార్శిలు

కాశీకి పోయినవాడు కాటికి పోయినవాడితో సమానం అని మన పెద్దలు అనేవారు. ఇప్పుడు కాశీలో ఉన్నవాడితో కూర్చున్నచోటు నుంచే మాట్లాడుతున్నాం, కావలసిన వస్తువును రెండు మూడు రోజుల్లో అక్కడికి చేరుస్తున్నాం. దూరం మనిషికి లొంగింది. కాలం మాత్రం లొంగలేదు. గడిచిపోయిన నిన్నటి రోజుకి ఒక కార్డు ముక్కయినా రాయలేం. ఈ లోటును శాస్త్ర కల్పనా రచయితలు తమ ఊహాయంత్రాలతో తీర్చుకున్నారు. ఆ యంత్రాలు కాలంలో ఏమేమి మోశాయో, వాటిలో దేనిని భౌతికశాస్త్రం ఒప్పుకుంటుందో, దేనిని ఒప్పుకోదో ఈ చిన్న వ్యాసంలో పరిశీలిద్దాం.

వస్తువులు మోసిన యంత్రాలు

ఈ కోవలో ముందుగా చెప్పుకోవలసింది హెచ్.జి.వెల్స్ 1895లో ప్రచురించిన 'ది టైమ్ మెషీన్'. అందులో శాస్త్రజ్ఞుడు తాను బయలుదేరే ముందే, అతిథుల కళ్ళెదుట ఒక చిన్న నమూనా యంత్రాన్ని కాలంలోకి పంపించేస్తాడు. తరవాత తాను 8,02,701వ సంవత్సరం దాకా వెళ్ళి వచ్చి, ఆ కథ చెబుతూ జేబులోంచి రెండు వాడిన తెల్లపువ్వులు తీసి బల్లమీద పెడతాడు. అంటే ఒక వస్తువు ముందుకు వెళ్ళింది, మరొకటి వెనక్కి వచ్చింది. మన తెలుగువారికి టైమ్ మెషీన్ బాగా పరిచయమైంది 1991లో సింగీతం శ్రీనివాసరావుగారు తీసిన 'ఆదిత్య 369' చిత్రంతో. అందులోనూ కథను నడిపించేది ఒక వస్తువే – శ్రీకృష్ణదేవరాయల కాలంనాటి వజ్రం.

కబురు మోసిన యంత్రాలు

మనిషినీ, వస్తువునీ పంపడం కష్టమనుకుంటే కబురొక్కటే పంపితే చాలదా? విద్యార్థులకు ఇక్కడొక సరదా సంగతి చెప్పాలి. 1948లో ఐజాక్ ఎసిమోవ్ కొలంబియా విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్ర పరిశోధక విద్యార్థి. ఆయన 'థియోటిమొలీన్' అనే లేని పదార్థం మీద, అచ్చం పరిశోధనా పత్రంలా ఉండే హాస్యరచన ఒకటి చేశాడు. ఆ పదార్థం నీళ్ళు పోశాక కాదు, పోయడానికి 1.12 సెకన్ల ముందే కరిగిపోతుంది! డాక్టరేటు మౌఖిక పరీక్ష చివరలో పరీక్షకులు ఆ పదార్థం గురించే ప్రశ్న వేశారు. డాక్టరేటూ వచ్చింది. 1960లో రాసిన మరో భాగంలో ఎసిమోవ్ ఆ పదార్థాన్ని వేలకొద్దీ వరసగా కూర్చి, నీళ్ళు పోయడానికి ఒక రోజు ముందే కరిగే పరికరంగా మార్చాడు. రాకెట్టు ప్రయోగం విజయవంతమైతేనే నీళ్ళు పడే ఏర్పాటు చేస్తే, రేపటి ఫలితం ఇవాళే తెలుస్తుందన్నమాట.

గ్రెగరీ బెన్‌ఫర్డ్ 1980లో రాసిన 'టైమ్‌స్కేప్' నవల నవ్వులాట కాదు. అందులో 1998 నాటికి సముద్రాలు విషమైపోతుంటాయి. కేంబ్రిడ్జి శాస్త్రజ్ఞులు కాంతికన్న వేగంగా పోయే కణాల ద్వారా 1962 నాటి అమెరికాకు హెచ్చరిక పంపుతారు. ఆ కబురు అందుకున్న యువ శాస్త్రజ్ఞుణ్ణి తోటివారు తొందరగా నమ్మరు.

అసలు చిక్కు

కబురుకి బరువు లేదు కాబట్టి అది పంపడం తేలిక అనిపిస్తుంది. నిజానికి అలా కాదు. ఒక విద్యార్థికి పరీక్ష ముందురోజు ఒక కార్డు వచ్చిందనుకుందాం. అందులో కఠినమైన లెక్క ఒకటి పూర్తిగా చేసి ఉంది. మర్నాడు అదే లెక్క పరీక్షలో వచ్చింది, మనవాడు చూసింది చూసినట్టు రాసేశాడు. ఇంటికొచ్చి దాన్నే కార్డు మీద ఎక్కించి నిన్నటికి పోస్టు చేశాడు. మరి ఆ లెక్క చేసిందెవరు? ఎవరూ చేయలేదు! ఫలితం ఉంది, కారణం లేదు. పోనీ, కార్డు పోస్టు చేయడం మానేశాడనుకుందాం. అప్పుడు మొదట వచ్చిన కార్డు ఎక్కడిది? ఏనుగును వెనక్కి పంపినా, ఒక్క అక్షరాన్ని వెనక్కి పంపినా కార్యకారణ సంబంధం ఒకేలా తెగిపోతుంది.

కాంతిని మించిన వేగంతో సంకేతం పంపగలిగితే ఫలితం కారణానికి ముందే రావచ్చునని ఐన్‌స్టీన్ 1907లోనే గుర్తించాడు. అయితే పుట్టుకనుంచే కాంతిని మించిన వేగం గల కణాలను సాపేక్షతా సిద్ధాంతం నిషేధించడంలేదని 1962లో మన ఇ.సి.జి. సుదర్శన్ మరి ఇద్దరితో కలిసి వాదించాడు. వాటికి 'టాకియాన్' అని పేరు పెట్టినవాడు జెరాల్డ్ ఫైన్‌బర్గ్ (1967). బెన్‌ఫర్డ్ కథలోని కణాలు ఇవే. ఇంతవరకు అలాంటి కణం ఒక్కటీ దొరకలేదు.

ముందుకు దారి ఉంది

వెనక్కి దారి కనబడకపోయినా ముందుకు దారి తెరిచే ఉంది. భాగవతంలో కకుద్మి మహారాజు కూతురు రేవతికి వరుణ్ణి అడగడానికి బ్రహ్మలోకం వెళ్ళి, కాసేపు గానం విని, తిరిగి వచ్చేసరికి భూమి మీద యుగాలు గడిచిపోయాయి. అది పురాణ కథ. ఇక ప్రయోగం సంగతి. 1971లో హాఫెల్, కీటింగ్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు సీజియం గడియారాలను మామూలు విమానాల్లో ప్రపంచం చుట్టూ తిప్పారు. తూర్పుగా తిరిగి వచ్చినవి నేలమీది గడియారంకన్న సుమారు 59 నానోసెకన్లు వెనకబడ్డాయి. పడమరగా తిరిగినవి 273 నానోసెకన్లు ముందుకు పోయాయి. రెండూ సాపేక్షతా సిద్ధాంతం వేసిన లెక్కకు సరిపోయాయి. నానోసెకను అంటే సెకనులో వంద కోట్లవ వంతు. తూర్పు గడియారం అంత కొద్దిగానైనా రేపటిలోకి ముందుగా చేరిన పార్శిలే.

మనం పంపుతున్నది ఏమిటి?

అసలు రేపటికి పార్శిలు పంపడానికి విమానం కూడా అక్కర్లేదు. మనం రోజూ పంపుతూనే ఉన్నాం. 1958లో హవాయి దీవుల్లోని మౌనా లోవా కొండ మీద కొలవడం మొదలుపెట్టినప్పుడు, గాలిలో పది లక్షల వంతులకు సుమారు 315 వంతులు బొగ్గుపులుసు వాయువు ఉండేది. 2024 నాటికి అది 420 దాటింది. అందులో కొంత భాగం వందల ఏళ్ళు గాలిలోనే ఉండిపోతుంది. అడ్రసు మన మనవలది. తిప్పి పంపడానికి వాళ్ళకు వీలులేదు.

బెన్‌ఫర్డ్ కథలో 1962 వాళ్ళకు భవిష్యత్తునుంచి హెచ్చరిక అందింది. మనకు అటునుంచి ఏ ఉత్తరమూ రాదు. వచ్చే హెచ్చరిక ఏదైనా మన ప్రయోగశాలల్లోని కొలతల నుంచే రావాలి. వాటిని శ్రద్ధగా తీయడం, తీసినదాన్ని నమ్మి నడుచుకోవడం విజ్ఞానశాస్త్ర విద్యార్థుల వంతు. కాలం తపాలాలో వెనక్కి బట్వాడా లేదు. కాబట్టి ముందుకు పంపేదాన్ని చూసుకుని పంపాలి.