పట్టా చేతిలో ఉంది సరే... పొలం ఎవరి సాగులో ఉంది?

పాసు పుస్తకం బీరువాలో భద్రంగా ఉంది, ఇక పొలానికి ఢోకా లేదు అనుకునే రైతులే ఎక్కువ. పక్క చేను ఆసామి గట్టు జరిపి దున్నేసినప్పుడు, కోర్టు మెట్లు ఎక్కాక గానీ అసలు సంగతి తెలీదు. సివిల్ కోర్టు అడిగేవి రెండు ప్రశ్నలు. ఈ భూమి ఎవరిది? ఇది ఎవరి స్వాధీనంలో ఉంది? రెండింటికీ రుజువులు వేరు. ఒకదాని కాగితం తెచ్చి రెండోదానికి చూపిస్తే దావా నిలవదు.

హక్కుకు ఏది రుజువు?

కొన్న భూమికి రిజిస్టరైన క్రయ దస్తావేజే మూలం. వంద రూపాయలు, ఆపైన విలువ చేసే స్థిరాస్తి అమ్మకం రిజిస్టరు కావలసిందే. మీ దస్తావేజు ఒక్కటే చాలదు. మీకు అమ్మినవారికి ఆ భూమి ఎలా వచ్చిందో చెప్పే పాత దస్తావేజులూ ఉండాలి. పిత్రార్జితమైతే పెద్దల పేరిట ఉన్న రికార్డు, మరణ ధ్రువపత్రం, పంపకాల కాగితం జాగ్రత్త చేయాలి.

తెల్ల కాగితంపై రాసుకున్న సాదా బైనామాతో కోర్టులో హక్కు రాదు. స్వాధీనం ఎలా వచ్చిందో చెప్పడానికి మాత్రం దాన్ని చూపవచ్చు. అదైనా స్టాంపు సుంకం, జరిమానా కట్టాకే. జీపీఏ రాయించుకుని కొన్నామంటే అది అమ్మకం కాదని సుప్రీంకోర్టు 2011లో స్పష్టం చేసింది.

మరి పాసు పుస్తకం? అది రెవెన్యూ రికార్డు. రుణానికీ, సర్కారు సాయానికీ పనికొస్తుంది. కోర్టులో కూడా దానికి విలువ ఉంది. కానీ మ్యుటేషన్ వల్ల కొత్తగా హక్కు పుట్టదనీ, ఉన్న హక్కు పోదనీ సుప్రీంకోర్టు 1997లోనూ, 2021లోనూ చెప్పింది. దస్తావేజు బలంగా ఉంటే పాసు పుస్తకం దానికి తోడవుతుంది. అదొక్కటే మోయమంటే మోయలేదు.

స్వాధీనానికి ఏది రుజువు?

ఏటేటా వరుసగా ఉన్న అడంగళ్లు, పహాణీలు ముఖ్యం. తగాదా మొదలయ్యాక హడావిడిగా ఎక్కించుకున్న పేరును కోర్టు అంతగా నమ్మదు. తెలంగాణలో 2020లో ధరణి వచ్చినప్పుడు రికార్డులో అనుభవదారు కాలం పోయింది. అందుకే అంతకు ముందటి పహాణీల సర్టిఫైడ్ నకళ్లు తీసి పెట్టుకోవడం మంచిది. పాత శిస్తు రసీదులు, నీటి తీరువా రసీదులు, బోరు కరెంటు బిల్లులు, పంట రుణం కాగితాలు, ధాన్యం అమ్మిన చీటీలు పారేయకండి. అన్నిటికన్నా గట్టి సాక్షి చుట్టుపక్కల గట్టు రైతు. ‘ఈయన ఫలానా ఏడు నుంచి దున్నుతున్నాడు, నేను చూశాను’ అని అతను చెప్పే మాటకు బరువుంటుంది.

ఏ దావా వేయాలి?

ఇక్కడే చాలామంది దెబ్బ తింటున్నారు. పొలం మీ సాగులో ఉండి, మీ హక్కును ఎవరూ గట్టిగా కాదనకపోతే ఇంజంక్షన్ దావా చాలు. పొలం మీ సాగులోనే ఉన్నా, అవతలివాడు తనకూ దస్తావేజు ఉందని చూపిస్తుంటే హక్కు ప్రకటన, దానితోపాటు ఇంజంక్షన్ కోరాలి. పొలం మీ చేయి జారిపోతే హక్కు ప్రకటనతోపాటు స్వాధీనం ఇప్పించమని కూడా అడగాలి.

వరంగల్ పట్టణంలోని ఖాళీ స్థలాల తగాదాలో సుప్రీంకోర్టు 2008లో ఇచ్చిన అనాతుల సుధాకర్ తీర్పు ఈ తేడాలన్నీ విడమరచి చెప్పింది. ఆ కేసులో వాదులు ఒట్టి ఇంజంక్షన్ కోరారు. హక్కు మీదే చిక్కులున్నప్పుడు ఆ దావా సరిపోదని కోర్టు తేల్చింది. ఏళ్ల తరబడి తిరిగాక ఆ మాట వినడం ఏ రైతుకైనా కష్టమే. అందుకని దావా వేసే ముందే వకీలును ఒక మాట అడగండి: ‘మన హక్కును వాళ్లు కాదంటున్నారా, లేక గట్టు దగ్గరే పేచీ పెడుతున్నారా?’

గడువులు మరిచిపోవద్దు

చట్టప్రకారం కాకుండా బలవంతంగా వెళ్లగొడితే, 6 నెలల లోపు దావా వేసినవారు హక్కు రుజువు చేయకుండానే స్వాధీనం తిరిగి పొందవచ్చు. ప్రభుత్వం మీద మాత్రం ఈ దావా కుదరదు. ఆ గడువు దాటితే హక్కు రుజువు చేసుకుని స్వాధీనం కోరాలి. అవతలివాడు మీ హక్కుకు వ్యతిరేకంగా, బహిరంగంగా 12 ఏళ్లు అనుభవిస్తే మీ హక్కుకే ముప్పు. పట్నంలో ఉంటూ పొలం చూడనివారు ఇది గుర్తు పెట్టుకోవాలి.

చివరిగా ఒక మాట. కోర్టులో వాది తన బలం మీదే గెలవాలి. ఎదుటివాడి కాగితాలు బలహీనంగా ఉన్నంత మాత్రాన భూమి మనది కాదు. కాబట్టి తగాదా రాక ముందే ఈసీ తీయించండి. దస్తావేజులోని సర్వే నెంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులు పొలం మీద ఉన్నవాటితో సరిపోతున్నాయో లేదో సర్వేయరుతో కొలిపించుకోండి. హద్దు రాళ్లు పాతేటప్పుడు గట్టు రైతులను పిలవండి. రేపు కోర్టులో సాక్ష్యం చెప్పాల్సింది వాళ్లే.