జాస్మిన్ కత్తిరించిన పోగులు

ఏమ్మా, ఈమధ్య పిల్లలకు జీన్సు ప్యాంట్లేమైనా కొన్నారా? ఈసారి లోపలి కుట్టు తిరగేసి చూడండి. ఒక్క దారప్పోగైనా వేలాడదు. ఆ పోగుల్ని ఎవరో ఒక పిల్ల కూర్చుని కత్తిరించి ఉంటుంది. అలాంటి పిల్ల గురించే ఇవాళ్టి ముచ్చట.

పేరు జాస్మిన్, పదిహేడేళ్లు. చైనాలోని సిచువాన్ పల్లె నుంచి గ్వాంగ్‌డాంగ్‌లోని షాషీకి, జీన్సు ఫ్యాక్టరీలో పనికి వచ్చింది. మికా పెలెడ్ 2005లో తీసిన ‘చైనా బ్లూ’ డాక్యుమెంటరీ నిండా ఈ పిల్ల రోజులే.

అందులో పెద్ద కథేమీ ఉండదు. పొద్దున లేస్తుంది, పనికెళ్తుంది, బకెట్టుతో నీళ్లు మోసుకుంటూ హాస్టల్ మెట్లెక్కుతుంది. గది అద్దె, తిండి ఖర్చు జీతంలోంచే కోసేస్తారు. సరుకు పంపాల్సిన గడువు దగ్గరపడితే రాత్రీ పగలూ ఒకటే. కత్తెర చేతిలో ఉండగానే కళ్లు మూతలు పడిపోతుంటాయి. అప్పుడు ఆ ఆడపిల్లలు ఏం చేస్తారో తెలుసా? మనం తీగ మీద చీర ఎగిరిపోకుండా పెడతామే, ఆ క్లిప్పుల్ని కనురెప్పలకు పెట్టుకుంటారు, నిద్ర పట్టకుండా! నాకు కడుపులో దేవినట్టయింది.

అయినా ఆ పిల్లలు ఏడుపుముఖాలతో కూర్చోరమ్మా. అంతంత నడుము ఉన్న ప్యాంట్లు చూసి, ఇవి తొడిగే మనుషులు ఎంత లావుంటారోనని పగలబడి నవ్వుతారు. ఆర్కిడ్ అనే అమ్మాయి జిప్పులు కుడుతుంది, ప్రేమించిన అబ్బాయిని అమ్మానాన్నలకు చూపించాలని ఆరాటపడుతుంది. అచ్చం మన ఇళ్లలో పిల్లల్లాగే. మొదటి జీతం ఫ్యాక్టరీ వాళ్లే పట్టి ఉంచారు కాబట్టి, కొత్త సంవత్సరం పండక్కి జాస్మిన్ ఊరెళ్లలేకపోతుంది. ఏడాదికోసారి అందరూ ఇళ్లకు చేరే పండగ అది, ఆడపిల్ల మనసు ఎంత ఉసూరుమంటుందో చెప్పాలా?

చివరికి ఎవరు వేసుకుంటారో తెలియని ఆ మనిషికి ఉత్తరం రాసి, ఓ ప్యాంటు జేబులో పెడుతుంది.

సినిమా చూసి ‘అయ్యో పాపం’ అని ఊరుకోవడం నాకు నచ్చదమ్మా. ఆ పిల్ల అడిగేది మన జాలి కాదు. చేసిన పనికి వేళకు జీతం, కంటినిండా నిద్ర. మన చుట్టుపక్కల కుట్టుపని చేసే అమ్మాయిలకూ కావాల్సింది అవే. వీలు చూసుకుని, ఎదిగిన పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని చూడండి. మీ వీధిలో కుట్టుపనికెళ్లే అమ్మాయి ఉంటే, పని ఎన్ని గంటలకు వదులుతారో ఓసారి అడగండి. ఆమె ఏం చెప్పిందో నాకూ రాయండి.