పళ్ళెంలో పండ్లు, పక్కన పెన్ను

పిల్లలూ! వేసవి సెలవుల్లో ఊరికి వెళ్ళగానే, “అమ్మమ్మ ఇంతలోనే ఇంత ముసలిదైపోయిందేమిటి?” అని మీకెప్పుడైనా అనిపించిందా? బదిలీల మీద ఊళ్ళు మారే మన ఇళ్ళలో చాలామందికి ఇది తెలిసిన అనుభవమే. దీన్ని అర్థం చేసుకోవడానికి ఒక చిన్న సినిమా సాయపడుతుంది.

శామ్ టేలర్-జాన్సన్ 1967లో లండన్‌లో పుట్టిన కళాకారిణి, సినీ దర్శకురాలు. గాయకుడు జాన్ లెనన్ కుర్రతనం గురించి 2009లో ‘నోవేర్ బాయ్’ తీసింది ఈమే. ముప్ఫై నాలుగేళ్ళు రాకముందే రెండుసార్లు క్యాన్సర్ బారిన పడి కోలుకున్నారు.

2001లో ఆమె ‘స్టిల్ లైఫ్’ అనే చిత్రం తీశారు. నిడివి నాలుగు నిమిషాల లోపే. కథ లేదు, పాత్రలు లేవు. ఒక పళ్ళెంలో పండ్లు, పక్కన మామూలు ప్లాస్టిక్ పెన్ను, అంతే. చూస్తుండగానే పండ్లు ముడతలు పడతాయి. బూజు కమ్ముకుంటుంది. చివరికి అన్నీ కుంగి నల్లటి ముద్దవుతాయి. పెన్ను మాత్రం చెక్కుచెదరదు.

ఈ ఆలోచనకు పాత మూలాలున్నాయి. 17వ శతాబ్దపు డచ్ చిత్రకారులు పండ్ల పక్కన పుర్రె, ఇసుక గడియారం, ఆరిన కొవ్వొత్తి గీసేవారు. జీవితం కొద్దికాలమేనని గుర్తుచేయడానికే అలా గీసేవారు. అయితే బొమ్మలో ఒక్క క్షణమే నిలుస్తుంది. కాలం గడవడాన్ని చూపాలంటే కెమెరా కావలసివచ్చింది.

అదెలాగంటే, సినిమాలో సెకనుకు 24 బొమ్మలు కదులుతాయి. గంటకొక ఫొటో తీసి ఆ వేగంతో చూపితే, ఒక రోజు ఒక్క సెకనులో గడిచిపోతుంది. దీన్నే టైమ్-లాప్స్ అంటారు.

మరి పండు ఎందుకు కుళ్ళుతుంది? కోసిన తరువాత కూడా అది శ్వాసిస్తూనే ఉంటుంది. దానిలోని ఎంజైములే దాన్ని మెత్తబరుస్తాయి. గాలిలోని శిలీంధ్ర బీజాలు దానిమీద వాలి, సన్నని పోగులుగా పెరిగి, దాన్ని కరిగించి తింటాయి. నేలమీద పడిన పండైతే, అందులోని పోషకాలు మట్టిలో కలిసి మరో మొక్కకు అందుతాయి.

పెన్నుకు ఇవేవీ లేవు. అది పండదు, తీపెక్కదు, విత్తనమివ్వదు. అది చావకపోవడానికి కారణం ఎప్పుడూ బతికి ఉండకపోవడమే. పండును తియ్యగా మార్చిన మార్పే దాన్ని వాడిపోయేలా కూడా చేస్తుంది. ఈ చిత్రంలో నాకు అర్థమైన పాఠం ఇదే.

ఇప్పుడు అమ్మమ్మ దగ్గరికి వద్దాం. ఆమె ఒక్కసారిగా ముసలిదవలేదు. మనం ఏడాదికొక ఫొటో మాత్రమే చూస్తున్నాం. మధ్యలోని రోజులన్నీ ఆమె మనం లేకుండానే గడిపింది. అందుకే సెలవుల కోసం ఎదురుచూడకుండా, ఈ ఆదివారమే ఫోన్ చేసి, “ఈ వారమంతా ఏం చేశావు అమ్మమ్మా?” అని అడగండి. ఆమె చెప్పేదంతా వినండి.

చేసి చూడండి: మూత ఉన్న పారదర్శకమైన డబ్బాలో ఒక అరటిపండు ముక్క, ఒక పెన్ను మూత ఉంచండి. పదిరోజులపాటు రోజూ ఒకే వేళకు, ఒకే చోటినుంచి ఫొటో తీయండి. డబ్బా మాత్రం తెరవకండి. చూసిన మార్పులను పది వాక్యాలలో తెలుగులో రాయండి.