ఎదిగిన బిడ్డను పోగొట్టుకొన్నవారు అడిగే "ఎందుకు?"

చదువవలసిన వాక్యభాగము: రూతు 1:1-22



మన కుటుంబములు బ్రతుకుతెరువు కొరకు హోసూరు, కృష్ణగిరి వచ్చి స్థిరపడినట్లే, నయోమి కుటుంబము బేత్లెహేము నుండి మోయాబుకు వెళ్లింది. అక్కడ భర్త చనిపోయాడు. పెండ్లియైన ఇద్దరు కుమారులూ చనిపోయారు. "ఈ ఊరు రాకపోయి ఉంటే బిడ్డ దక్కేవాడేమో" అని కుమిలే తలిదండ్రులు మన మధ్య కూడా ఉన్నారు.

1. అడుగుట అవిశ్వాసము కాదు

నయోమి తన బాధను దాచలేదు. తనను మారా, అనగా చేదు, అని పిలువమన్నది. ఆ చేదు దేవుని వలననే కలిగిందని ఊరి స్త్రీలతో చెప్పింది. అందుకు దేవుడు ఆమెను గద్దించినట్లు ఆ గ్రంథములో ఎక్కడా లేదు.

2. కారణము చెప్పుట మన పని కాదు

యోబు స్నేహితులు ఏడు దినములు మౌనముగా కూర్చున్నప్పుడు మేలు చేశారు. పాపమే కారణమని వాదించినప్పుడు దేవుని కోపమునకు గురియయ్యారు (యోబు 2:13, 42:7). సిలోయములో గోపురము కూలి చనిపోయిన 18 మంది ఇతరులకంటె ఎక్కువ పాపులు కారని ప్రభువే చెప్పాడు (లూకా 13:4). "దేవుడు మంచి పువ్వును కోసుకున్నాడు" అనే మాట కూడా తల్లికి ఆదరణ కాదు.

3. విశ్వాసికీ ఈ దుఃఖము వస్తుంది

1814లో తెలుగు వ్యాకరణమును ప్రచురించిన విలియం కేరీ, తన పెద్ద కుమారుడైన ఫీలిక్సుకు 1800లో తానే బాప్తిస్మమిచ్చాడు. 1814లో బర్మాలో పడవ మునిగి ఫీలిక్సు భార్యాబిడ్డలను పోగొట్టుకొని, కొన్నేండ్లు సేవకు దూరముగా తిరిగాడు. తరువాత శ్రీరాంపూరుకు తిరిగివచ్చి తండ్రి పనిలో తోడైనాడు. అంతలోనే, 1822లో, 36వ యేట మరణించాడు. కేరీ భార్య షార్లెట్ అంతకు ముందటి యేడే కన్నుమూసింది. అప్పటికి కేరీకి 61 ఏండ్లు. ఆయన పని మానలేదు. పని చేస్తున్నవారికి దుఃఖము తీరిపోయిందని మనము అనుకోరాదు. సేవా, కన్నీరూ ఒకే హృదయములో ఉంటాయి.

4. సంఘము చేయవలసినది

నయోమికి జవాబు దొరకలేదు. రూతు తోడు దొరికింది. రూతు కారణములు వెదకలేదు, వెంట నడిచింది. ఆదరణ కూడిక నాడు ఇల్లు నిండుతుంది; మూడవ నెలలో ఎవరూ రారు. అప్పుడు వెళ్లండి. బిడ్డ పేరు పలుకుటకు జంకకండి. పుట్టినరోజు గుర్తుంచుకోండి. పి.ఎఫ్., బ్యాంకు పనులకు తోడు వెళ్లండి. తమిళ కాగితములు చదివి చెప్పండి.

ఆలోచించండి: మన సంఘములో ఈ నెల ఎవరి యింటికి వెళ్లాలి?

ధ్యానించుటకు: కీర్తనలు 34:18